నల్లరాతి మీది పన్ను

కన్నతల్లి మీద ఒట్టు, ఇందులో అక్షరం కూడా అబద్ధం లేదు.

మొన్న మా మనవరాలి చరిత్ర పుస్తకంలో, బాబిలోన్ రాజు తన చట్టాలు చెక్కించిన నల్లరాయి బొమ్మ కనబడగానే నా నోరు దానంతటదే మూసుకుంది.

నిజాం కాలంలో మా కొత్తవాడ బడి పంతులు ఆ రాయి గురించి చెబుతూ, "ఎదుటివాడి పన్ను ఊడగొట్టినవాడి పన్నూ ఊడగొట్టాలని దానిమీద ఉన్నది" అన్నాడు. అది ఏ దేశమో, ఎన్ని వేల ఏండ్ల కిందటిదో కూడా చెప్పే ఉంటాడు. నేను వినలేదు. ముందురోజే జంపఖానా పోగులు దట్టించే ఇనుప పంజా నా చేతిలోంచి జారి, చిన్నాయన కొడుకు రాజయ్య పన్ను ఊడగొట్టింది. వాడు నాకు భయపడి, గడప తట్టుకుని పడ్డానని ఇంట్లో చెప్పాడు.

ఆ సాయంత్రం చిన్నాయన మగ్గం దిగి, గట్టి నూలుపోగు పట్టుకుని నవ్వుకుంటూ వచ్చాడు. ఆ నవ్వే నాకు అనుమానం.

"నోరు తెరువు బిడ్డా, జర చూస్త."

"ఎందుకు?"

"బెల్లం పెడ్త గని, తెరువు."

బెల్లం మాటతో అనుమానం రెట్టింపయింది. చిన్నమ్మ వచ్చి గుమ్మంలో నిలబడింది. నేను పారిపోకుండా కాపలా అనుకున్నాను.

"ఆ రాయి మీద రాసినట్టే చేస్తవా చిన్నాయనా? రాజయ్యకు పంజా తగిలింది నా చేతులకెల్లే గని, కావాలని కొట్టలే!" అని బావురుమన్నాను.

ఇద్దరూ మొహమొహాలు చూసుకున్నారు. నా పాలపన్ను కదులుతోందని అమ్మ చెబితే పీకడానికి వచ్చాడట, పాపం.

చిన్నాయన నా పంటికి పోగు ముడివేసి, కొసను కొడుకు చేతికిచ్చాడు. "రాజిగా, అన్న పన్ను నువ్వే గుంజు."

వాడు కళ్లు మూసుకుని, నాకంటే ఎక్కువ వణుకుతూ గుంజాడు.

ఇందులో నేను కల్పించింది ఒక్కటే. పంజా జారలేదు.