ట్రాక్టరుకే అంటించిన నోటీసు

1998. మాదాపూర్ గుట్టలు ఒక్కొక్కటిగా అద్దాల మేడలకు చోటిస్తున్న రోజులు. పగలంతా బండలు పగిలే చప్పుడే. ఆ పక్కనే ఉన్న ఒక ప్రభుత్వ కార్యాలయంలో నేను సీనియర్ అసిస్టెంటుని. మా సెక్షన్ పని జప్తు కేసులు. అనుమతి లేకుండా రాయి కొడుతున్నారని ఫిర్యాదు వస్తే మావాళ్లు వెళ్లి యంత్రాలు పట్టుకొచ్చేవారు. తర్వాత యజమానికి షోకాజ్ నోటీసు పంపాలి. అంటే, నీ వస్తువును ప్రభుత్వపరం ఎందుకు చేయకూడదో వచ్చి చెప్పుకోమని. అతని మాట విన్నాకే ఉత్తర్వు. రూలు అదే అయినా, మేం నోటీసును తపాలా పనిగానే చూసేవాళ్లం.

ఒకరోజు ఉదయం, జుట్టు నిండా రాతిపొడి ఉన్న మనిషి నా బల్ల ముందు నిలబడ్డాడు. పేరు మల్లయ్య. నెలన్నరగా మా ఆవరణలో పడున్న, బండలకు తూట్లు వేసే కంప్రెసర్ ట్రాక్టరు అతనిదే.

“సారు, నా బండి మీద ఏందో కాయితం అంటిచ్చిండ్రు. నాకు సదువు రాదు. జర చూసి చెప్పుండ్రి.”

వెంట వెళ్లాను. మడ్‌గార్డు మీద వానకు తడిసి, ఎండకు వెలిసిపోయిన నోటీసు. నేను తయారుచేసిందే. పదిహేను రోజుల్లో హాజరు కావాలని ఉంది. గడువు ఎప్పుడో దాటింది. నోటీసు అందినా అతను రాలేదని నేనే ఉత్తర్వు రాసి మా ఆఫీసరు గారి చేత సంతకం చేయించాను. వచ్చే సోమవారం వేలం.

నోటీసు పట్టుకెళ్లిన అటెండర్ యాదగిరిని పిలిచి అడిగాను.

“గుట్టకాడ గుడిసె అని రాసిన్రు సార్. నేను పోయేసరికి గుట్టే లేదు, గుడిసె యాడుంటది? మనిషి దొరక్కపోతే ఆయన ఆస్తికి అంటియ్యమని మీరే అంటరు గద. ఆయన ఆస్తంటే గీ ట్రాక్టరే.”

అంటించినట్టు సాక్షులుగా సంతకాలు చేసింది మా ఆఫీసు వాళ్లే. ఎక్కడ అంటించారో అడక్కుండానే అందినట్టు రాసింది నేను. మేం పట్టుకొచ్చిన బండికి, మా ఆవరణలో, మా సాక్ష్యంతో మేమే నోటీసు ఇచ్చుకున్నాం. తిలాపాపం తలా పిడికెడు. ముందు నవ్వొచ్చింది, వెంటనే సిగ్గేసింది.

“ఇన్నాళ్లూ నువ్వెక్కడికి పోయావయ్యా?” అన్నాను, తప్పు అతని మీదికి నెట్టేద్దామన్న పాడుబుద్ధితో.

“యాడికి పోలే సారు. వారం వారం మీ గేటుకాడికే వస్తున్న. ఇంటికి ఉత్తరమొస్తది పో అని మీ వాచ్‌మెన్ ఎల్లగొడుతున్నడు. బండి పాయెనంటే నేను, నా పెండ్లాం మల్ల సుత్తె పట్టాలె. ఇస్తరో ఇయ్యరో మీ ఇష్టం. నన్ను ఒక్కమాటన్న అడగాలె గద?”

ఆ నోటీసు ఊడదీసుకుని లోపలికి నడిచాను.

ఉత్తర్వు వెనక్కి తీసుకుని మళ్లీ విచారణ జరపాలని ఆ మధ్యాహ్నమే ఫైలు పెట్టాను. మా ఆఫీసరు గారిది రాజమండ్రి. మంచివారే గాని, మూసిన ఫైలు తెరవడమంటే ఆయనకు చిరాకు.

“వేలం ప్రకటన కూడా వెళ్లిపోయింది కదయ్యా! ఇప్పుడీ పేచీ ఏంటి? నోటీసు అందిందని రాసిందెవరు?”

“నేనేనండి. కానీ అది అబద్ధమండి. అతనికి అందలేదు.”

నాకు మెమో ఇస్తానన్నారు, ఇచ్చారు కూడా. కానీ వేలం ఆపి, విచారణకు కొత్త తేదీ వేశారు. ఈసారి నోటీసు నేనే మల్లయ్యకు చదివి వినిపించి వేలిముద్ర తీసుకున్నాను.

విచారణ రోజు అతను కూర్చోనంటే ఆఫీసరు గారే పట్టుబట్టి కూర్చోబెట్టారు. అనుమతి లేకుండా రాయి కొట్టావా అని అడిగారు.

“బిల్డింగు పునాదికి కొట్టిన సారు. ఆళ్లకు పర్మిషన్ ఉంది, ఇగో నకలు. కని రెండు లోడ్ల రాయి బయట అమ్ముకున్న. గది నా తప్పే.”

ఆఫీసరు గారు నా వైపు చూశారు. పర్మిషన్ సంగతి మా ఫైలులో లేదు. రెండు లోడ్ల సంగతీ లేదు. అతనికి మేలు చేసే మాటా, కీడు చేసే మాటా రెండూ అతనే చెప్పాలి. మేం అడక్కుండానే తీర్పు రాసేశాం. ఆ రెండు లోడ్లకు జరిమానా వేసి ట్రాక్టరు వదిలేశారు.

ఆ తర్వాత రిటైరయ్యేదాకా, మనిషిని ఒక్కసారైనా ఎదుట కూర్చోబెట్టుకోకుండా జప్తు ఉత్తర్వు రాయలేదు. తప్పు చేసినవాడికీ తన మాట చెప్పుకునే హక్కుందని రూలు పుస్తకంలో ఎన్నోసార్లు చదివాను. అర్థమైంది మాత్రం మల్లయ్య అడిగినప్పుడే. మొహమైనా చూడని మనిషి బతుకుదెరువును ఒక్క అబద్ధపు వాక్యంతో తీసేయబోయాను. తలుచుకుంటే ఇప్పటికీ భయమేస్తుంది.