జిరహ్ దాకా జేబులోనే

అమీర్‌పేట రాజనర్సయ్య వకీలుకు ఒకే ఒక్క జబ్బు. చేతికొచ్చిన కాగితాన్ని ముందుగా ఎవరికీ చూపించడు, కోర్టులో దాఖలూ చేయడు. ఎదుటివాళ్ల సాక్షి బోనెక్కాలి. జిరహ్ మొదలుకావాలి. అడ్డప్రశ్నలకు సాక్షి ఒట్టేసి మరీ ఒక అబద్ధం ఆడాలి. అప్పుడు షేర్వానీ జేబులోకి చెయ్యి పోనిచ్చి, "జర గిది చూడు భాయ్" అనేవాడు. సాక్షికి చెమటలు పట్టేవి.

ఈ జబ్బుతో పదహారేళ్లు కాపురం చేసినవాడు ఆయన మున్షీ మొగిలయ్య. తక్కిన మున్షీలు దస్తావేజుల జాబితాలు మూరెడేసి పట్టుకుని తిరుగుతుంటే, మొగిలయ్య చేతిలో "ఏమీ లేవు" అని రాసిన ఒక్క కాగితం ఉండేది. వాళ్లు నవ్వేవాళ్లు. జిరహ్‌లో సాక్షికి చూపే కాగితాన్ని ముందే దాఖలు చేయనక్కర్లేదని మొగిలయ్యకూ తెలుసు. తెలిసినా, జేబులోది టాంగాలో ఎక్కడ జారిపోతుందోనని ఖైరతాబాద్ దాటేదాకా వకీలు షేర్వానీ మీదే కన్నేసి కూర్చునేవాడు.

ఇంట్లోనూ అదే వరస. బీరకాయలు తెమ్మంటే వంకాయలెందుకు తెచ్చారని ఒకరోజు సీతాబాయి భర్తను నిలదీసింది. ఆమె మాటంతా అయ్యేదాకా ఆగి, వకీలు జేబులోంచి ఒక చీటీ తీశాడు. ఆమె రాసిచ్చిందే. అందులో వంకాయలనే ఉంది. ఈ రాత, ఈ దస్కత్ నీదేనా అని అడిగాడు. సీతాబాయి చీటీని అటూ ఇటూ తిప్పి చూసి, "దస్కత్ నాదే. వండుడు సుత నాదే. ఇయ్యాల మీకు ఉపాసం" అంది. ఆయన వకాలత్తులో ఓడిపోయిన జిరహ్ అదొక్కటే.

పంజాగుట్టలో ఆయన ఎదురైతే జనం కోతలు కోయడం మానేసేవారు. తన పెండ్లికి వెయ్యిమంది వచ్చారని తుకారాం చెప్తుండగా వకీలు చెయ్యి షేర్వానీ వైపు కదిలింది. తుకారాం చప్పున వందకు దిగాడు. వకీలు తీసింది ముక్కు తుడుచుకునే రుమాలు.

పందొమ్మిది వందల ముప్ఫై ఎనిమిదిలో శివరాములు దావా వచ్చింది. అతను ఆరేళ్ల కింద సోలాపూర్ మిల్లులకు పోయాడు. తిరిగొచ్చేసరికి తల్లి లేదు. పంజాగుట్టలోని తండ్రి ఇంట్లో నీకు భాగం లేదు పొమ్మన్నాడు అన్న ఇస్తారి. తల్లి ఆఖరి రోజుల్లో రాలేదన్న కోపం అతనిది. అన్న ఉత్తరం చేరేసరికి తల్లి పోయి నెలయిందన్న దుఃఖం తమ్ముడిది. శివరాములు అంతకుముందు అన్న రాసిన మరో ఉత్తరం తెచ్చి వకీలు చేతిలో పెట్టాడు. వకీలు మడత విప్పి చదివి, మళ్లీ మడిచి జేబులో వేసుకున్నాడు. ఇదొక్కటైనా దాఖలు చేద్దామని మొగిలయ్య మూడు రోజులు బతిమాలాడు. వకీలు వినలేదు.

ఇస్తారి అమీర్‌పేటలో దర్జీ. వకీలు షేర్వానీ కుట్టింది అతనే. ఏ జేబు ఎక్కడుందో, దేనికి రెండు పొరల అస్తరు వేశాడో అతనికి తెలుసు. బోనులో నిలబడి వకీలు మొహం చూడకుండా చేతినే చూస్తున్నాడు.

తమ్ముడు పోతూ పోతూ ఇల్లు తనకే వదిలేశాడని, వాడికి తానెన్నడూ ఒక్క అక్షరం రాయలేదని ఇస్తారి గట్టిగా చెప్పాడు. వకీలు చెయ్యి రెండు పొరల జేబులోకి పోయింది.

ఇస్తారి ఉత్తరం అందుకున్నాడు. ఒక్క పుట చదవడానికి చాలాసేపు పట్టింది. మధ్యలో తలెత్తి, కోర్టు వాకిట్లో కూర్చున్న భార్య కాంతవ్వ వైపు చూశాడు. మళ్లీ ఉత్తరం చూశాడు.

"ఇంట్ల ఒక అర్ర వానిదే సాబ్," అన్నాడు మెల్లగా. "తాళం నేనే ఏసి పెట్టిన. వాడొస్తడని."

మున్సిఫ్ ఆ మాట రాసుకున్నాడు. ఆ కాగితమేదో తనకూ చూపించాలని ఎదుటి వకీలు లేచాడు. సాక్షి ఒప్పుకున్నాడు గనుక ఇక దానితో పనిలేదని రాజనర్సయ్య జేబులో వేసేసుకున్నాడు. ఆయన సంగతి తెలిసిన మున్సిఫ్ నవ్వు ఆపుకుని, ఎదుటి వకీలును కూర్చోమన్నాడు.

బయటికి రాగానే ఉత్తరం ఇస్తారి చేతికే ఇచ్చేశాడు వకీలు. శివరాములు దూరంగా స్తంభానికి ఆనుకుని ఉన్నాడు. ఇస్తారి అతని దగ్గరికి పోయి ఎగాదిగా చూశాడు. "సోలాపూర్ల బువ్వ దొర్కదారా? గింత బక్కగైనవ్" అన్నాడు. శివరాములు భుజంమీది తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు.

టాంగాలో మొగిలయ్య ఉండబట్టలేక అడిగాడు. అంత గట్టి కాగితాన్ని కేసు కట్టలో, మిస్ల్‌లో చేర్చకుండా వాపసు ఇచ్చేయడమేమిటని.

"దాఖలైతే ఉర్దూల తర్జుమా జేసి పదిమంది చదువుతరు మొగిలయ్యా," అన్నాడు వకీలు. "గిది ఒక్కడు చదివితే సాలు."

నలభై ఐదులో రాజనర్సయ్య పోయాడు. మొగిలయ్య మరో వకీలు దగ్గర చేరాడు. ఈయన ప్రతి కాగితమూ వరస నంబరు వేసి ముందే దాఖలు చేస్తాడు. మున్షీకి అంతకన్నా సుఖం లేదు. అయినా సాక్షి అబద్ధం ఆడినప్పుడల్లా మొగిలయ్య కళ్లు కొత్త వకీలు జేబు మీదికి పోయేవి. అక్కడ కలం తప్ప ఏమీ ఉండేది కాదు. ఆ పొద్దంతా మొగిలయ్య దిగులుగా ఉండేవాడు.

ఒకసారి కోటు కుట్టించుకుందామని ఇస్తారి దుకాణానికి పోయాడు. మాటల్లో రాజనర్సయ్య ప్రస్తావన వచ్చింది. ఇస్తారి కత్తెర పక్కన పెట్టి, ఆ ఉత్తరంలో ఏముందో అప్పుడు చెప్పాడు. అది రాసిన రోజుల్లో కాంతవ్వ అలిగి సిరిసిల్లలో పుట్టింటికి పోయింది. ఆరు నెలలు రాలేదు. అమీర్‌పేటలో మాత్రం, మేనత్తకు బాగాలేదని చూడ్డానికి వెళ్లిందని చెప్పుకున్నాడు. తమ్ముడికి ఒక్కడికే నిజం రాశాడు. తమ్ముడి గదికి తాళం వేసి ఉంచానన్న అర్ర సంగతి రెండు వరుసలు. మిగతాదంతా కాంతవ్వ లేక అన్నం మాడ్చుకుంటున్న సంగతీ, ఆమె గాజుల చప్పుడు లేక ఇల్లు ఇల్లులా లేదన్న సంగతీ.

"గదంత కోర్టుల చదివితే ఆమె వింటుండె," అన్నాడు ఇస్తారి. "ఇగ ఇంట్ల నా మాట ఎవలు వింటరన్నా?"

ఇప్పుడా ఉత్తరం ఎక్కడుందని మొగిలయ్య అడిగాడు. ఇస్తారి కాంతవ్వ ఉన్న లోపలి గది వైపు చూసి గొంతు తగ్గించాడు. మొన్న తనకు బాగా జ్వరమొచ్చి, ఇక బతకనేమోనన్న భయంతో, చదువురాని కాంతవ్వకు తానే చదివి వినిపించాడట.

"ఏమన్నది మరి?"

"ఇంకోసారి చదువుమన్నది."