విఠల్ కోసిన పడుగు

సోలాపూర్ భవాని పేట్‌లో విఠల్ ఇంటి ముందుగది చాలాకాలం మనుషులది కాదు, మగ్గానిది. సిద్దిపేట దిక్కు నుంచి కరువు సంవత్సరంలో వచ్చిన అతని తాత పెంటప్ప ఆ గదిలో గుంట తవ్వి మగ్గం నిలిపాడు. మనుషులు మిగిలిన చోట సర్దుకున్నారు. విఠల్ ఆ మగ్గం పక్కనే పుట్టాడు. పదకొండో ఏట కండెలు చుట్టడం, పదిహేనో ఏట నేయడం నేర్చాడు. ఇరవై ఎనిమిదో ఏట నుంచి ఇరవై రెండేళ్లు కుంఠా నాకాలోని ఒక కారఖానాలో మరమగ్గాల మీద చద్దర్లు నేశాడు. ఆ హోరుకు ఎడమ చెవి పూర్తిగా, కుడి చెవి సగం పోయాయి. యాభయ్యో ఏట ఇంటి మగ్గానికే తిరిగి వచ్చాడు. ఇప్పుడతనికి అరవై నాలుగు.

కారఖానాలో పనిచేసిన ఆ ఇరవై రెండేళ్లలో కూడా ఇంటి మగ్గాన్ని అతను ఒక్కరోజు బోసిగా ఉంచలేదు. ఈ మాటను నేటి చదువరికి కొంత విడమరిచి చెప్పాలి. పడుగు అయిపోవస్తున్నప్పుడు చేనేతవాడు దానిని చివరిదాకా నేయడు. నిలువు దారాలను వరుసగా పట్టి ఉంచే అచ్చులో మూరెడు కొసను అలాగే విడిచిపెడతాడు. కొత్త పడుగు వచ్చినప్పుడు ఒక్కొక్క పాత కొసకు ఒక్కొక్క కొత్త దారాన్ని, వేళ్లకు బూడిద రాసుకుని, మెలివేసి అతుకుతాడు. విఠల్ మగ్గం మీద అవి రెండువేల నాలుగువందలు. అతికినవాటిని మెల్లగా ముందుకు లాగితే, కొత్త దారాలు పాతవాటి వెనక నడిచి అచ్చులోకి వస్తాయి. పాత కొస లేకపోతే ప్రతి దారాన్నీ సన్నని కన్నంలో మొదటినుంచి గుచ్చాలి.

పెంటప్ప కట్టిన మొదటి పడుగు కొసకు రెండోది, రెండోదాని కొసకు మూడోది, అలా డెబ్భై ఏళ్లకు పైగా ఆ మగ్గం మీద పడుగు తెగలేదు. మొదటి దారంలో పోగైనా మిగిలి ఉండదని విఠల్‌కు తెలియనిది కాదు. అయినా, "తాత దారమే నేస్తున్న" అనేవాడు.

ఆ ఇంటికి మరో మర్యాద కూడా ఉండేది. పాత కొస, కొత్త పడుగు కలిసే మొదటి మూరెడు బట్టను సాధారణంగా నేతగాళ్లు పక్కన పారేస్తారు. పెంటప్ప పారేయలేదు. దాని నాలుగు మూలలా పసుపు పెట్టి, పని ఇచ్చిన సావుకారుకు మొట్టమొదట అదే అందించేవాడు. "మా దారం, మీ దారం కలిసినయి" అని దాని అర్థం. ఇక్కడి వ్యాపారులు దానిని కళ్లకద్దుకుని దేవుడి గూట్లో పెట్టుకునేవారు. అది అమ్మే బట్ట కాదని అందరికీ తెలుసు.

గోడకు వేలాడదీసే బొమ్మల బట్టలకు గిరాకీ పడిపోయాక విఠల్ మగ్గానికి ఆరు నెలలు పని లేకపోయింది. చివరిగా నేసినది ఒక దుకాణదారు ఇచ్చిన పాలిస్టర్ కలిసిన తెల్లనూలు. దాని కొస అచ్చులో ఉండిపోయింది. కొడుకు అమోల్ తువ్వాళ్ల కారఖానాలో ముకాదం, అంటే కూలీల మేస్త్రీ. అతను ఒకరోజు ఉదయం తండ్రి కుడిపక్కన కూర్చుని మాట కదిపాడు.

"బాపూ, మగ్గం మీద నాకు పగ లేదు. ఈ గదిల రెండు కుట్టు మిషిన్లు పెడితే పూజ ఇంట్లనే కూసోని తువ్వాళ్ల అంచులు కుట్టుకుంటది. ఇది ఉట్టిగనే ఉన్నది కదా."

"ఉట్టిగ లేదు. కొస ఉన్నది."

"కొస తింటమా బాపూ?"

"నీ తువ్వాలు తింటవా?"

కోడలు పూజ వంటగదిలో నవ్వాపుకోలేకపోయింది. ఆ నవ్వు మీదనే ఒప్పందం కుదిరింది. దసరా లోపల మగ్గానికి నిలకడైన పని దొరికితే గది మగ్గానిదే. దొరకకపోతే మిషిన్లది.

ఆషాఢంలో పని వచ్చింది. పుణె దారిలో క్యారవాన్లు తయారుచేసే కంపెనీ ఒకటి నేతగాళ్ల కోసం వెతుకుతూ ఈ గల్లీకి మనిషిని పంపింది. క్యారవాన్ అంటే మంచం, పొయ్యి, నీళ్ల తొట్టి అమర్చిన విహారపు బండి. తమ బండ్లలో పరదాలు, పరుపు గలీబులు అన్నీ రసాయనం తగలని పత్తితో, చేతిమగ్గం మీద నేసినవే ఉండాలని వారి సంకల్పమట. నమూనా పరీక్షలో నెగ్గితే ఏడాది పొడవునా పని. ఈ గల్లీలో కాగితాలు చదివి చెప్పే మాస్టరును నేనే గనుక, వారిచ్చిన రంగుల పుస్తకం నా దగ్గర ఉంది. అట్ట మీద నది ఒడ్డున ఒక బండి, దాని కింద "భూమిని నొప్పించని ప్రయాణం" అన్న మాట. ముప్పై రెండు పేజీలలో సుస్థిరత అనే మాట నలభై ఒక్కసారి వస్తుంది. ఆ బండి ఏ నూనెతో నడుస్తుందో ఒక్కసారీ రాదు.

విఠల్ భార్య సుందరాబాయి ఆ బొమ్మలను చాలాసేపు చూసింది.

"ఇల్లుండంగ బండిల పండుడేందయ్యా?"

"పైసలున్నోళ్ల సోకు."

"మరి ఆంఘోళ్, తానాలు ఏడ చేస్తరు?"

"బండిలనే. లోపట నల్లా ఉంటదట."

"అయితే మనకన్న నయమే. మన నల్లా గల్లీల ఉన్నది."

నూలు వచ్చింది. విఠల్, సుందరాబాయి ఎదురెదురుగా కూర్చుని మూడు రోజులు అతికారు. ఆమెకు రెండు కళ్లలోనూ శుక్లాలు ముదురుతున్నా, అతకడం వేళ్ల పని గనుక సాగింది. పది మీటర్ల పరదా బట్ట నేశాడు. ఆ బట్టను నేను చూశాను. వెలుతురుకు పట్టుకుంటే ఎక్కడా పలుచన లేదు. ఉప్పు రవ్వంత ముడి కూడా కనిపించదు. మొదటి మూరెడు ముక్కకు పసుపు పెట్టి, నమూనా కట్ట మీద అన్నిటికన్నా పైన ఉంచి, కంపెనీ మనిషి చేతికిచ్చాడు. ఇచ్చేటప్పుడు అదేమిటో చెప్పలేదు. సావుకారుకు చెప్పవలసిన అవసరం ఆ ఇంట్లో ఎన్నడూ రాలేదు.

పరీక్షశాల వారు కట్టలో పైన ఉన్న ముక్కనే కోసుకున్నారు.

నివేదిక ఇరవై రోజులకు వచ్చింది. విఠల్‌కు ఇంగ్లిషు రాదు. దాన్నీ నేనే చదివి చెప్పాను, నకళ్లు నా పెట్టెలో చేరాయి. నాలుగో పేజీ రెండో పట్టికలో "పాలిస్టర్: ముప్పై ఒక్క శాతం" అని ఉంది. కింద ఒక వాక్యం: సరఫరాదారు ప్రకటించిన వివరాలు సత్యమైనవి కావు.

విఠల్ ఆ వాక్యాన్ని రెండుసార్లు చదివించుకున్నాడు. "అంటే నన్ను లబాడ్ అన్నరా మాస్టరూ?" అని అడిగాడు. అబద్ధాలకోరు అనడానికి ఇక్కడ వాడే మరాఠీ మాట అది.

ఉత్తరంతో పని కాదని ఇద్దరమూ ఆ బండ్ల కారఖానాకు వెళ్లాం. వస్తువుల నాణ్యత చూసే తృప్తి అనే అమ్మాయి మమ్మల్ని మర్యాదగా కూర్చోబెట్టి చాయ్ ఇప్పించింది. మాటలన్నీ మరాఠీలోనే సాగాయి; తెలుగు చేసి రాస్తున్నాను. విఠల్ పాత కొస సంగతి, పసుపు ముక్క సంగతి చెప్పాడు. ఆమె శ్రద్ధగా విన్నది. ఆ శ్రద్ధను నేను తప్పుపట్టలేను.

"కాకా, మీరు చెప్పింది నేను నమ్ముతున్నాను. కానీ నా ఫారంలో దానికి గడి లేదు."

"మిగతా తొమ్మిదిన్నర మీటర్లు చూడుండ్రి బాయీ. అండ్ల ఒక్క పోగు దొరికితే నా చేతులు కోసుకుంట."

"ఒక్కసారి తప్పిన కట్టను మళ్లీ పరీక్షించరు కాకా. కొత్త కట్ట కావాలి. అంతకుముందు మగ్గం మీద పాత నూలు ఏమీ మిగల్లేదని రుజువు కావాలి."

ఆమె పై అధికారితో మాట్లాడి వచ్చేవరకు ఆవరణలో సిద్ధంగా ఉన్న బండి ఒకటి చూడమన్నది. విఠల్ చెప్పులు విడిచి లోపలికి ఎక్కాడు. లోపల జిగురు వాసన కళ్లలో మంట పుట్టించింది. అతను గోడను గోటితో తట్టి చూశాడు.

"గిదేంది?" అని అక్కడ పనిచేస్తున్న మేస్త్రీని అడిగాడు.

"ఫైబర్ పలక. నడుమ ఫోమ్. మొత్తం జిగురుతో అతికిందే."

"అతికిందా? మళ్ల విప్పచ్చునా?"

మేస్త్రీ నవ్వాడు. "విప్పితే ఏం మిగులుతుంది కాకా? పాతబడితే మొత్తం చెత్తకే."

కారఖానా వెనక గోడ దగ్గర ఫోమ్ ముక్కలు మనిషెత్తు గుట్టగా పడి ఉన్నాయి. గాలికి ఎగిరినవి పక్క జొన్నచేలో తెల్లగా పరుచుకున్నాయి. ఆ గోడల ముక్కను ఏ పరీక్షశాలకూ ఎవరూ పంపలేదు. వందల కిలోల ప్లాస్టిక్, జిగురు, డీజిల్ కలిసిన ఒక పెట్టె తన నీతిని కిటికీ పరదాకు వేలాడదీసింది. ఆ పరదాలో మూరెడు ముక్క కోసం ఒక నేతగాడిని అబద్ధాలకోరు అన్నది. ఈ వాక్యం ఇప్పుడు రాస్తున్నాను. ఆనాడు ఆ ఆవరణలో అనలేకపోయాను. విఠల్ ఆశ చెడుతుందని ఊరుకున్నాను. ఊరుకున్నందుకు సిగ్గుపడుతున్నాను.

షరతు వారంలో రాతపూర్వకంగా వచ్చింది. మగ్గం మీది పాత నూలును సంపూర్ణంగా తొలగించి, ఖాళీ మగ్గం ఫోటో పంపితే, రెండో నమూనాకు నూలు పంపే విషయం పరిశీలిస్తారు.

పరిశీలిస్తారు అన్న మాటను నేను నొక్కి చదివాను. ఇస్తామనలేదని చెప్పాను. దసరాకు పద్దెనిమిది రోజులున్నాయి.

"కోయకపోతే మగ్గమే పోతది మాస్టరూ," అన్నాడు విఠల్. "కోస్తే కొసనే పోతది."

"కోసినంక మళ్ల గుచ్చేదెవలు?" అన్నది సుందరాబాయి. "నాకు దారం కనవడది. నీ చెయ్యి ఆగది. నీలం నగర్ రాజారాం ఒక్కనికి ఆ పని వస్తుండె. ఆయన పక్షవాతమొచ్చి పడ్డడు."

"ముందు పని రానియ్యే. గుచ్చుడు తర్వాత చూద్దం."

మరునాడు పొద్దున స్నానం చేసి మగ్గం ముందు నిలబడ్డాడు. కత్తెరను కొడుకు చేతికి అందించాడు.

"నువ్వు కొయ్యి. నువ్వే కదా తీస్తనన్నది."

అమోల్ కత్తెర అందుకున్నాడు. దానిని తిరిగి తండ్రి పక్కన పెట్టాడు.

"నాతోని కాదు బాపూ. మగ్గాన్ని తీసి బయట పెట్టమను, పెడత. ఇది కాదు."

విఠల్ తానే కోశాడు. అన్నీ ఒకేసారి కాదు, పిడికెడు, పిడికెడుగా. తెగిన ప్రతి పిడికెడూ బిగువు సడలి వెనక్కి ముడుచుకునేది. చివరికి అచ్చులో నిలిచిన పోగులను సుందరాబాయి చూడకుండానే వేళ్లతో తడిమి లాగేసింది. పూజ ఫోన్‌తో ఫోటో తీసింది. వెనకనున్న కిటికీ మగ్గం గుండా మొదటిసారి పూర్తిగా కనిపించింది. ఆ మధ్యాహ్నమే ఫోటో పంపాను.

పన్నెండో రోజున కంపెనీ నుంచి ఉత్తరం వచ్చింది. అది విఠల్‌కు రాసినది కాదు, సరఫరాదారులందరికీ ఒకేసారి పంపినది. ఈ సంవత్సరం నుంచి తమ బండ్లలోని బట్టలన్నీ వాడి పారేసిన ప్లాస్టిక్ సీసాల నుంచి తయారయిన పాలిస్టర్‌తో ఉంటాయని, దానికి సుస్థిరత ధ్రువపత్రం లభించిందని, ఈ ప్రయాణంలో తోడు నిలిచిన నేతన్నలకు కృతజ్ఞతలని అందులో ఉంది.

నేను ఆగి ఆగి చదివాను. విఠల్ కుడిచెవి నా వైపు తిప్పి విన్నాడు.

"పాలిస్టరా?" అన్నాడు.

"అవును. సీసాలది."

"నాది ముప్పై ఒకటే ఉండె."

ఘాటుగా జవాబు రాస్తానన్నాను. అన్ని కాగితాలూ జతచేసి, పత్రికలకు కూడా పంపుతానన్నాను. అతను వద్దన్నాడు.

"తిట్టుడెందుకు మాస్టరూ. మగ్గం ఖాళీ చేసినం, ఫోటో పంపినం, చేరిందా అని అడుగుండ్రి. చేరిందని వాళ్లు ఒక్క మాటన్న అనలే."

అలాగే రాశాను. జవాబు రాలేదు. దసరా వెళ్లిన మూడో రోజున అమోల్ ఇద్దరు హమాలీలను తెచ్చాడు. భూమిలో పాతుకుపోయిన గుంజలు గడ్డపారకు గాని లేవలేదు. గుంటను ఇటుక రాళ్లతో పూడ్చి పైన సిమెంటు పోశారు. సిమెంటు ఆరేవరకు ఇంటివారందరూ పక్కదారిన నడిచారు. ఇప్పుడు అక్కడ రెండు మిషిన్లు నడుస్తున్నాయి. విఠల్ కుట్టిన తువ్వాళ్లను మడతపెట్టి, డజన్ల లెక్కన కట్టలు కడతాడు. మడత ఎక్కడా వంకర పోదు.

ఐదు నెలలైంది. మొన్న ఆదివారం నా గుమ్మంలో నిలబడి అడిగాడు.

"ఫోటో చేరలేదేమో మాస్టరూ. మళ్లొకసారి పంపుదమా?"

మగ్గం కట్టెలు అప్పటికే అడితిలో అమ్ముడుపోయాయి. అది అతనికీ తెలుసు. నేను ఫోటో వెతికి, పాత ఉత్తరం తేదీ మార్చి, మళ్లీ పంపాను.