సీరియల్‌ని నమ్మిన తొమోయె

జపాన్‌లో రాత్రి క్లబ్బులకి పేరుపడ్డ నకాసులోని ఒక క్లబ్బులో, వచ్చినవాళ్ల పక్కన కూర్చుని మందు పోసి కబుర్లు చెప్పే హోస్టెస్‌గా ముప్పై ఎనిమిదేళ్లు వచ్చేదాకా నిలబడింది తొమోయె. అర్ధరాత్రి టీవీలో వచ్చే హోస్టెస్‌ల సీరియల్ అంటే ఆమెకి ఒళ్లుమంట. అందులో వాళ్లు జుట్లు పట్టుకుంటారు, షాంపేన్ ముఖాన కొట్టుకుంటారు. "రోజూ జుట్టు కట్టించుకునే ఖర్చు తెలిసిన ఆడదెవతైనా ఇంకొకత్తె జుట్టు పట్టుకుంటుందా?" అని వెక్కిరించేది. అయినా ఒక్క వారం మానేది కాదు. తిట్టుకుంటూ చూడటంలో ఉన్న సుఖం అలాంటిది మరి.

అసలు పోరులో చెయ్యి లేవదు. క్లబ్బుకి వచ్చినాయన మొదట ఎవరిని కోరి పిలిపించుకుంటాడో, ఆమె అక్కడ ఉన్నన్నాళ్లూ ఆయన ఆమె మనిషే. ఇంకొకత్తె ఆయనకి ఫోను కూడా చెయ్యకూడదు. కాని ఆమె రాని రాత్రి పక్కన కూర్చున్న పిల్ల నవ్వు నచ్చిందంటే, ఆ కట్టుబాటు గంగలో కలిసినట్టే. అందుకే జ్వరమొచ్చినా తొమోయె సెలవు పెట్టేది కాదు. ఆమె వెనకే రెండో స్థానంలో ఉన్న రింకా పదేళ్లు చిన్నది. ఇద్దరి మధ్యా పచ్చగడ్డి వేస్తే భగ్గుమనేది.

ఆ రోజు తొమోయె పుట్టినరోజు. ఏడాదికొక్కసారి ఆమె మనుషులంతా ఒకేసారి వచ్చి కూర్చునే రాత్రి. అది వెలవెలబోతే ఆ వయసులో ఇంకో ఏడాది నిలవడం కల్ల. అద్దం ముందు కూర్చుని ముస్తాబవుతుంటే పుట్టిల్లున్న ఇకి ద్వీపం నుంచి తమ్ముడి భార్య ఫోను చేసింది.

"వదినా, అత్తయ్య నీళ్లు కూడా మింగట్లేదు. మీ పేరే కలవరిస్తున్నారు. సాయంత్రం ఆఖరి పడవకైనా రండి."

పక్క అద్దం ముందున్న రింకాకి అంతా వినబడింది.

"వెళ్లక్కా. నీ వాళ్ల సంగతి నేను చూసుకుంటా."

"నువ్వా?"

"నేనే. నాకు మాత్రం అమ్మ లేదా ఏంటి? లే, పడవ పోతుంది."

తొమోయె సంచీ పట్టుకుని రేవుకి పరుగెత్తింది. టికెట్ కొని వరసలో నిలబడ్డాక మనసులో అనుమానం పురుగులా తొలవడం మొదలైంది. పోయిన వారం సీరియల్‌లో ఆ మాయలాడి అన్నది అచ్చం ఈ మాటే: 'వెళ్లక్కా, నేను చూసుకుంటా.' పాపం ఆ మాట నమ్మి వెళ్లిన పిచ్చిది తల్లిని చూసి తిరిగొచ్చేసరికి తనవాడంటూ ఒక్కడు మిగల్లేదు. పదేళ్ల పోరులో రింకా ఒక్క మంచిమాట ఆడి ఎరగదు. ఇవాళే ఎందుకు ఆడింది? అమ్మ ఇంతకుముందు రెండుసార్లు ఇలాగే పడి లేచిందిగా, పొద్దున్న మొదటి పడవకి వెళ్లొచ్చులే అనుకుంది. అలా తనకి తాను నచ్చజెప్పుకుని వెనక్కి తిరిగింది.

క్లబ్బు వాకిట్లో పూలగుత్తుల మధ్య నిలబడి రింకా ఫోనులో బతిమాలుతోంది. "కురాచి గారూ, మీరు నా మాట కాదనకూడదు..."

కురాచి తొమోయె మనిషి, అందరిలోకీ పాతవాడు. ఆమెకి ఒళ్లు తెలియలేదు.

"దొంగముండా! ఇదా నువ్వు చూసుకోవడం!" అని ఫోను లాక్కుని చెవిన పెట్టుకుంది.

అవతల ముసలాయన నింపాదిగా మాట్లాడుతున్నాడు. "అలాగేలే తల్లీ. అందరం వచ్చే వారమే వస్తాం, తొమోయె పుట్టినరోజు అప్పుడే చేద్దాం. ఇంతకీ పడవ అందుకుందా పాపం?"

తొమోయె ఆ ఫోనులోనే టైము చూసింది. ఆఖరి పడవ అప్పటికే రేవు దాటింది. తల్లి పొద్దుటి పడవ దాకా ఆగలేదు.