ఫ్యాను ఆపి చెప్పిన మాట

మా అత్త పోయిన మంగళవారం పొద్దున తమిళనాడులోని రాజపాళయంలో మా ఇంట్లోనే కన్నుమూసింది. పలకరించడానికి వచ్చినవాళ్లలో కొందరు, ఆస్పత్రిలో ఉంచాల్సింది కదా అన్నారు. ఉంచకపోవడానికి కారణం ఆమే. అది చెప్పాలంటే ముందు ఫ్యాను సంగతి చెప్పాలి.

అత్త వయసంతా బ్యాండేజీ గుడ్డ నేసే పవర్‌లూముల దగ్గర గడిచింది. ఆ మోతలో, అత్త మాటలో ఆ సత్తంలో, ఏం చెప్పాలన్నా మరమగ్గం ఆపి, మనిషికి ఎదురుగా నిలబడి చెప్పాలి. విన్నవాళ్లు తిరిగి చెప్పాలి. ఇంట్లోనూ అదే పద్ధతి. ముఖ్యమైన మాట ఉంటే, చిత్తిరై నెల ఎండల్లో అయినా సరే, లేచి ఫ్యాను ఆపేది. స్విచ్చు టక్కుమంటే మా ఆయనా నేనూ చేతిలో పని వదిలేసి ఆమె వంక చూసేవాళ్లం.

"సత్తంలో చెప్పిన మాట సగమే చేరతాది" అనేది.

పెళ్లయిన కొత్తలో మేమిద్దరం అలిగితే ఒకరి మాట ఒకరికి ఆమెతోనే చెప్పి పంపేవాళ్లం. కొన్నాళ్లు చూసి ఫ్యాను ఆపింది. "ఇంక నేను మొయ్యను. మొగం చూసి మీరే చెప్పుకోండి" అని కాఫీ గ్లాసు పట్టుకుని బయటికి వెళ్లిపోయింది. ఉక్కకు తాళలేకో, ఆమెకు భయపడో, మాట్లాడుకున్నాం.

నేను లెక్కలు చూసే కంపెనీలో మేనేజరు రోజూ పొద్దుపోయేదాకా ఉంచుతుంటే ఇంటికొచ్చి సణిగేదాన్ని.

"ఆయనకు చెప్పినావా?"

"ఆయనకే తెలియాల కదత్తా."

"ఎట్ల తెలుస్తాది? ఆరుకు పోవాలని చెప్పు. కారణం ఒకటి చాలు. నాలుగు చెప్తే అబద్దమనుకుంటాడు."

ఒక్కటే చెప్పాను. ఆయన సరేనన్నాడు. అంత చిన్నదానికి ఇన్నాళ్లు ఉడికిపోయానా అని నవ్వొచ్చింది.

తర్వాత అత్తకు క్యాన్సరు వచ్చింది. మొదటిసారి డిశ్చార్జి రోజున, బిల్లులో సగం మాకు అర్థం కాలేదు. అడిగితే మన దగ్గర డబ్బు లేదనుకుంటారని మా ఆయన తెలుగులో గుసగుసలాడాడు. కౌంటరులో ఉన్న అమ్మాయికి తమిళమే వచ్చు.

"ఆ పిల్ల ఎదుట మన బాసలో గుసగుసలేల? ఆ పిల్లకు అర్థమయ్యేటట్టు అడుగు" అని, అత్తే తమిళంలో ఒక్కొక్కటీ అడిగింది. ఆ అమ్మాయి విసుక్కోలేదు. తనకు తెలియనిదొకటి లోపలికి వెళ్లి కనుక్కొచ్చి మరీ చెప్పింది. వచ్చేటప్పుడు అత్త ఆమె చెయ్యి పట్టుకుంది.

జబ్బు మళ్లీ తిరగబెట్టింది. ఇంకో ట్రీట్‌మెంటు ఇవ్వొచ్చు గానీ నయమవుతుందన్న ఆశ లేదని డాక్టరు మా ఆయనతో చెప్పాడు. ఈయన ఇంటికొచ్చి, "ఇదొకటి చేస్తే సరిపోతాదమ్మా" అన్నాడు.

అత్త లేవలేక నన్ను ఫ్యాను ఆపమంది.

"డాక్టరు నీకు చెప్పినాడే, అది నాకు చెప్పు. కింద చూడొద్దు నాయనా."

చెప్పాడు. చివరిదాకా ఆమె ముఖం చూసే చెప్పాడు. నా మొగుడి మీద నాకు అంత ప్రేమ ఎప్పుడూ పుట్టలేదు.

"అట్లయితే నేను ఆస్పత్రికి రాను. మీ దగ్గరే ఉంటాను. నేనేమన్నాను, తిరిగి చెప్పు."

"నువ్వు... మా దగ్గరే ఉంటావు."

"ఇంక ఫ్యాను వెయ్యి పాపా. వానికి మొగమంతా చెమట పట్టినాది" అంది. అది చెమట కాదని ఆమెకు తెలుసు.

నిన్న మధ్యాహ్నం కరెంటు పోయింది. ఫ్యాను మెల్లగా తిరిగి తిరిగి ఆగింది. అన్నం తింటున్న మేమిద్దరం చేతులాపి, ఆమె మంచం వైపు చూశాం.