చిలక గోళ్లు తీసిన ఆదివారం

ఫోటోలో నా బొటనవేలి మీద మచ్చ చూసి, "నాయనమ్మా, కత్తిపీటతో తెగిందా?" అని అడిగావు. కత్తిపీట కాదు, చిలక ముక్కు.

అప్పుడు మేము ఖానాపురం హవేలి అనే ఊళ్లో కిరాయికి ఉన్నాం. మీ నాన్నకి ఇంకా పెళ్లి కాలేదు. మీ తాతయ్య చెల్లెలు అశ్వారావుపేటలో పామాయిల్ తోటల్లో పనికి పోయేది. ఒక సాయంత్రం కూరగాయల బుట్ట మీద తువ్వాలు కప్పుకుని మా ఇంటికొచ్చింది.

"వదినా, దీన్ని తోటల కుక్కలు ఎంటవడ్డయ్. ఎగరలేకపాయె. అందర్ని అడిగిన, మాది గాదంటె మాది గాదన్నరు. ఇగ నువ్వే సాకు."

బుట్టలో చిలక. రెక్కల ఈకలు ఎవరో కత్తిరించారు. గోళ్లను మాత్రం చాలాకాలంగా ఎవరూ ముట్టినట్టు లేదు. కొడవళ్లలా వంగి పాదంలోకి తిరిగాయి. కత్తిరించాలి అనుకుంటూనే, భయపడి రెండు వారాలు నెట్టుకొచ్చాను. ఆ రెండు వారాలూ అది ఒక్క మాటా పలకలేదు.

ఆదివారం పొద్దున చర్చికి బయల్దేరుతుంటే పంజరంలో టపటపమని చప్పుడు. పైన కప్పిన గోనెలో గోరు ఇరుక్కుని, చిలక ఒంటికాలి మీద తలకిందులుగా వేలాడుతోంది. విడిపించాం. ఇంకోసారి ఇలా అయితే కాలు విరుగుతుంది.

తాతయ్య దాన్ని తువ్వాలులో చుట్టి పట్టుకున్నారు. నేను నెయిల్ కట్టర్ తీశాను. అది ఒకటే గింజుకుంటోంది.

"గట్టిగ పట్టుండ్రి! కోడిని పట్టినట్టు పట్టుండ్రి!" అన్నాను. చండ్రుగొండలో కోళ్ల మధ్య పెరిగినదాన్ని కదా, పిట్టలన్నీ నాకు తెలుసనుకున్నాను.

"జల్దీ కానియ్యే. పాస్టరుగారు ప్రార్థన మొదలువెడతడు."

"అందాక మీరు దానికి వాక్యం చెప్పుండ్రి, నిమ్మలంగ ఉంటది."

రెండు గోళ్లు బాగానే తెగాయి. మూడోది మరీ మొదలు దాకా తెగింది. గోరు లోపల రక్తనాళం ఉంటుందని నాకు తెలియదు. నా తెల్లచీర మీద ఎర్రగా చుక్క, ఇంకో చుక్క. పిడికెడు పిట్టలో ఎంత రక్తం ఉంటుందని? వంటింట్లోకి ఉరికి పసుపు తెచ్చి అద్దాను. ఆగలేదు. ఇంకా అద్ది, బొటనవేలితో అదిమిపట్టాను.

"ఏందే, గింజుకుంట లేదు?" అన్నారు తాతయ్య.

చూశాను. నోరు తెరుచుకుని ఉంది, కళ్లు మూతపడుతున్నాయి. ఆయన గుప్పిట దాని రొమ్ము చుట్టూ బిగిసి ఉంది. నేను చెప్పినట్టే.

"వదులుండ్రి! రొమ్ము వదులుండ్రి, ఊపిరాడ్తలేదు!"

ఆయన వేళ్లు వదులు చేశారు. నేను గోరు మీద వేలు తీయలేదు. చాలాసేపు ఏమీ లేదు. తర్వాత రొమ్ము ఒకసారి లేచింది. మళ్లీ లేచింది. తల వంచి నా బొటనవేలిని కసుక్కున పట్టింది. వేలు తీస్తే రక్తం మళ్లీ కారుతుందని అలాగే ఉండిపోయాను.

"అరిస్తె అరువే, ఎవ్వరేమనరు," అన్నారు ఆయన.

రక్తం ఆగింది. ఇక చర్చికి పోలేదు. తువ్వాలు విప్పగానే చిలక నా ఒళ్లో ముడుచుకుంది. అప్పుడు మాట్లాడింది. ఎవరో ముసలమ్మ గొంతు, నాకంటే మెత్తగా:

"అయిపాయె బిడ్డా. అయిపాయె. ఇగ లేదు."

తర్వాత మిగిలిన గోళ్లు తీసినప్పుడల్లా రొమ్ము వదిలేసి, ఆ మాటలే అంటూ తీశాను. కదలకుండా ఉండేది. ఆడబిడ్డ చేత తోటల్లో మళ్లీ మళ్లీ అడిగించాను. ఆ ముసలమ్మ ఎవరో ఎవరికీ తెలియదు.

అంత ముద్దుగా గోళ్లు తీసిన ఆమె, అవి అంత పొడవు పెరిగేదాకా ఎక్కడికి పోయింది?