బండల సందులు

ఒక తోటను నేనే కాపాడాను, నేనే చంపాను. రెండూ నా సంతకంతోనే జరిగాయి కాబట్టి ఇంకొకరి మీదికి నెట్టడానికి వీల్లేదు. అయినా నెట్టాను. ఎవరి మీదికి నెట్టానో అతని గురించే ఇది.

పాత తోటలను, పార్కులను మొదట కట్టినవాళ్లు అనుకున్న రూపంలో నిలబెట్టడం నా ఉద్యోగం. కోట గోడ కూలితే అయ్యో అనే జనం ఉన్నారు గానీ తోట పోతే అనేవాళ్లు తక్కువ. చెట్లే కదా, మళ్లీ వస్తాయి అంటారు. మాది కోడుమూరు పక్క పల్లె, మెట్ట సేద్యం ఇల్లు. వానకు మొహం వాచిన ఊళ్లో పుట్టి పెరిగినదాన్ని. ఆ సంగతి మీరు గుర్తుపెట్టుకోండి, నేను మాత్రం మర్చిపోయాను.

ఆ తోట కర్నూలు చివర, పాత క్వార్టర్ల పక్కన ఉంది. అరవై ఏళ్ల కిందట ఎవరో తెలివైనవాడు గీసి కట్టించాడు. పచ్చిక లేదు, ఫౌంటెన్ లేదు, పూలకుండీలు లేవు. రెండు వరుసల నిద్రగన్నేరు చెట్లు, వాటి కింద ఈ కొస నుంచి ఆ కొస దాకా నాపరాళ్లు పరిచిన బాట, కూర్చోను రాతి అరుగులు. మే నెలలో ఊరంతా పెనంలా కాలుతుంటే ఆ బాట మీద వట్టికాళ్లతో నడవొచ్చు. మధ్యాహ్నం కాగానే ముసలివాళ్లు తువ్వాళ్లు పరుచుకుని అక్కడ పడుకునేవారు. ఊళ్లో దాన్ని బండల పార్కు అనేవారు.

దాన్ని తీసేసి ప్లాస్టిక్ జిరాఫీలు, తిండి అంగళ్లు పెట్టాలని ఒక పెద్దమనిషి చూశాడు. ఏడాదిన్నర కొట్లాడాను. మీటింగుల్లో గొంతు చించుకున్నాను, పత్రికల వాళ్లను తీసుకొచ్చి చూపించాను. చివరికి గెలిచాను. తోటను పాత పద్ధతిలోనే బాగుచేయాలని, ఆ పని నేనే చూడాలని ఉత్తర్వు వచ్చింది. గెలుపు తలకెక్కితే దిగడం కష్టం. నాకు పూర్తిగా ఎక్కింది.

గేటు పక్క గదిలో తోటమాలి, అతని భార్య ఉండేవారు. అతనికి యాభై దాటాయి. అతని తండ్రి కూడా అదే తోటలో మాలి. ఉద్యోగం కాంట్రాక్టుదే, గది మాత్రం ఎవరూ అడగనంత కాలం వాళ్లది. ఏటా మృగశిర కార్తెకు ముందు అతను గడ్డపార పట్టుకుని బాట మీద మోకాళ్లూని, బండల మధ్య సందుల్లో గట్టిపడిన మట్టిని పొడిచి వదులు చేసేవాడు. వేలు దూరేంత సందులు అవి. ఆ కొస నుంచి ఈ కొసకు రావడానికి పది రోజులు పట్టేది. మోకాళ్లకు గోనెపట్టా కట్టుకునేవాడు. ఏదో పని చూపించుకోవడానికి చేస్తున్నాడని అనుకున్నాను.

అప్పుడే పాత బీరువాలో తోట అసలు నక్షా దొరికింది. ఆ రోజు నాకు కలిగిన సంతోషం నా పెళ్లిరోజున కూడా కలగలేదు. అందులో బండలన్నీ అంచుకు అంచు ఆనుకుని ఉన్నాయి. సందు లేదు. మా వృత్తిలో అసలు కాగితం దొరికితే ఇంక ఎవరినీ ఏమీ అడగనక్కర్లేదు. సందులు తర్వాత వచ్చిన లోపం అని తేల్చేశాను. బండలు లేపి, కింద కాంక్రీటు పోసి, అంచులు కలిపి సిమెంటు పూయమని రాశాను.

పని మొదలైన రోజు మాలి వచ్చి నా ముందు నిలబడ్డాడు.

"మేడమ్మా, ఆ సందులు మూయొద్దండి. చెట్లు ఆడ్నుంచే తాగుతాండాయి."

"డ్రిప్పు పైపులు వేయిస్తున్నాం కదప్పా."

"పైపు నీళ్లు చెట్టు మొదట్లో పడతాయి. వేర్లు మొదట్లో లేవు మ్మా, బండల కిందంతా పారిండాయి. మా నాయన చెప్తాండె, బేల్దారి వేలు పెట్టి చూసుకుంటా సందు ఇడిసినాడంట. తోట గీసిన సారు పక్కన నిలబడి ఇడిపించినాడంట."

"కాగితంలో లేదే?"

"కాగితానికేం మ్మా, వాన పడినా పడకున్నా దానికి ఒకటే."

పక్కన బండలు లేపుతున్న బేల్దారి మేస్త్రీలు నవ్వారు. ఆ నవ్వు నాకు ఒంటికి కారం రాసినట్టు తగిలింది. "నువ్వు ఊడ్చేవాడివి, పోయి ఊడ్చు" అన్నాను, అందరికీ వినబడేలా. అతను పోయి చీపురు తీసుకున్నాడు. పెరటి చెట్టు వైద్యానికి పనికిరాదంటారు. అదే మాట ఏ పట్నం నిపుణుడో చెప్పి ఉంటే డైరీలో రాసుకుని ఉండేదాన్ని.

పని అయిపోయిన వారానికి, పట్టపగలు పదకొండు గంటలప్పుడు, నేను తోటలో ఉండగానే అతను మూల చెట్టు కింద కూర్చుని కొత్త సిమెంటును గడ్డపారతో పగలగొడుతున్నాడు. దాక్కుని చేయలేదు. నేను పరుగెత్తుకుంటూ వెళ్లేసరికి చెట్టు చుట్టూ సగం తీసేశాడు.

"ఈ ఒక్క చెట్టుకన్నా ఇడిసిపెట్టండి మేడమ్మా. కాళ్లు పట్టుకుంటా."

నిజంగానే వంగాడు. నేను కాళ్లు వెనక్కి తీసుకుని ఆఫీసుకు ఫోన్ చేశాను. అరగంటలో కాగితం రాశాను. చారిత్రక ఆస్తిని కావాలని ధ్వంసం చేశాడు, ఇతన్ని ఇకపై లోపలికి రానివ్వరాదు అని. పాత కట్టడాల మీద పేర్లు చెక్కే పోకిరీల కోసం పెట్టిన నిబంధన అది. నలభై ఏళ్లుగా ఆ తోటను తడిపినవాడి మీద వాడాను. అతని ఫోటో గేటు దగ్గర గోడకు అంటించారు. రెండు రోజుల్లో గది ఖాళీ చేశారు. అతని భార్య తాళంచెవి నా చేతికి ఇవ్వలేదు, అరుగు మీద పెట్టి పోయింది.

పగిలిన చోట మళ్లీ సిమెంటు వేయమన్నాను. బేల్దారి ఇదిగో అదిగో అంటూ రాలేదు. ఎన్ని ఫోన్లు చేసినా డోన్‌లో పనుంది, వస్తున్నా అనేవాడు.

ప్రారంభోత్సవం ఘనంగా జరిగింది. నున్నటి బాట, ఒక్క గడ్డిపోచ లేదు. నాకు శాలువా కప్పారు. మొదటి ఎండాకాలం ఆకు ముందే రాలింది. ఆకు ఏటా రాలుతుంది కదా అన్నాను. వానాకాలంలో నీళ్లు బాట మీద నుంచి జారి రోడ్డు మీదికి పోయాయి. తోటలో ఎక్కడా బురద లేదని మెచ్చుకున్నారు. నేనూ మెచ్చుకున్నాను. రెండో ఎండాకాలానికి బెరడు పెచ్చులుగా ఊడింది. రంపాలు వచ్చాయి. రెండు వరుసలూ పోయాయి, మూల చెట్టు తప్ప. నీడ లేని బండల మీద ఇప్పుడు చెప్పులున్నా నిలబడలేం.

ఎందుకు చచ్చాయో నివేదిక అడిగారు. నాకు కారణం తెలుసు. మూల చెట్టు కింద పగిలిన సిమెంటు చూసిన ఎవరికైనా తెలుస్తుంది. నేను ఏం రాశానంటే, మునుపటి మాలి సరిగా నీళ్లు పెట్టనందువల్ల వేర్లు ముందే బలహీనపడ్డాయి అని. ఒక్క కొట్టివేత లేకుండా రాశాను. మధ్యలో కాఫీ కూడా తాగాను.

కొత్త మొక్కలు పెట్టాలన్నారు. ఈసారి బండలు ఎలా పరచాలో తెలిసినవాడు కావాలి. అతను డోన్‌లో ఉన్నాడని బేల్దారి చెప్తే, చేతులు కాలాక ఆకులు పట్టుకోవడానికి అక్కడికి వెళ్లాను. ఒక కల్యాణమండపంలో ప్లాస్టిక్ పూలదండల మీద దుమ్ము తుడుస్తూ కనిపించాడు. సన్నబడ్డాడు. నన్ను తిడతాడేమో అనుకున్నాను, తిట్టించుకుంటే తేలికపడొచ్చన్న ఆశ కూడా ఉండింది.

"ఎన్ని ఉండాయి మ్మా ఇంగ?" అని అడిగాడు.

"ఒకటే. నువ్వు పగలగొట్టిన చోట ఉన్నది."

అతను దుమ్ముగుడ్డ భుజాన వేసుకున్నాడు. కళ్లు తుడుచుకున్నాడు. "సోమవారం వస్తా" అన్నాడు.

సోమవారం నేను మీటింగులో ఉన్నాను. వాచ్‌మన్ కొత్తవాడు. గోడ మీద ఫోటో చూశాడు, మనిషిని చూశాడు, గేటు తీయలేదు. అతను ఎండలో గంటసేపు నిలబడి, చువ్వల్లోంచి ఆ చెట్టును చూసి, బస్సెక్కి వెళ్లిపోయాడు. నేను వాచ్‌మన్ మీద అరిచాను. "మీరు రాసిన కాగితమే కదా మేడం" అన్నాడు వాడు. ఫోటో తీసేయమన్నాను. రాసిస్తే తీస్తానన్నాడు.

డోన్‌కు ఫోన్ చేస్తే అతని భార్య ఎత్తింది. అంతవరకూ నన్ను మేడమ్మా అనేది. ఆ రోజు మొదటిసారి నువ్వు అంది.

"ఆయప్ప ఇంగ రాడు. దొంగల ఫోటో మాదిరి గోడకు తగిలిచ్చినారంట, సొంత కండ్లతో చూసొచ్చినాడు. అప్పట్నుంచి కూడు తినల్యా. చెట్లు సచ్చింది ఆయప్ప వల్లనే అని కూడా నువ్వు రాసినావంట గదా. ఏ చేత్తో రాసినావో ఆ చేత్తోనే తప్పని రాయి. అప్పుడు నేనే తోడుకొని వస్తా."

ఆమె అడిగింది నాలుగు వాక్యాలు. సిమెంటు పోయించింది నేను, చెట్లు చచ్చింది నా వల్ల, అతని తప్పు లేదు, నివేదిక అబద్ధం. అవి రాస్తే శాలువాలు కప్పినవాళ్లు నన్ను కూర్చోబెట్టి అడుగుతారు. వచ్చే ఏడాది ఇంకో పాత తోట పని నాకు రావాల్సి ఉంది.

ఆ కాగితం ఇంకా రాయలేదు. ఇది రాశాను. ఇందులో ఎవరి పేరూ లేదు, తోట అసలు పేరు లేదు, ఆఫీసు పేరు లేదు. మర్యాద కోసం పెట్టలేదనుకుంటారేమో. పేర్లు పెడితే అతను దీన్నే తీసుకెళ్లి గేటు దగ్గర చూపించుకుంటాడు.